ఖాకీ చొక్కాకు ఎర్రరంగు

మీరు నన్ను తెర మీద చూసి ఉండరు. చూసినా గుర్తుపట్టే అవకాశం లేదు. మాటల్లేని బొమ్మల కాలంలో రాణి వెనక వింజామర పట్టుకుని నిలబడిన వాళ్లలో నేనొకదాన్ని. నీళ్లకుండతో దారికడ్డంగా నడిచిపోయే పల్లెపడుచును. కథానాయిక గుర్రం మీద నుంచి పడాల్సి వస్తే, ఆమె చీర కట్టుకుని ఆమెకు బదులు పడేదాన్ని. తర్వాత జీవితమంతా నటులకు బట్టలు కత్తిరించి, కుట్టించి, రంగులేసి బతికాను. ఈ పనిలోకి కొత్తగా వచ్చిన పిల్లలు "వేషాలు వెయ్యడం మానేసి, వేషాలు కుట్టడానికి ఎందుకొచ్చారండీ?" అని అడుగుతుంటారు. నటన రాలేదమ్మా అంటాను. వాళ్లు నవ్వుతారు, నేనూ నవ్వుతాను. అది అబద్ధమేమీ కాదు. కానీ అసలు సంగతి అరకు కొండల్లో జరిగింది. మీకు ఈ పనిలో అక్కరకొస్తుందని చెబుతున్నాను.

మా అమ్మ బొబ్బిలి వైపు ఒక నాటక సమాజంలో పాడేది. నేను తెరల వెనకే పెరిగాను. కిరీటాలకు చమ్కీలు అంటించడం, చిరిగిన అంగరఖాలకు మాసికలు వెయ్యడం నడక వచ్చిన నాటినుంచీ చేసిన పని. వయసొచ్చాక మద్రాసులో బొమ్మలు తీసే కంపెనీ ఒకటి నన్ను తీసుకుంది. ఆ కంపెనీ డైరెక్టరు ఓ రోజు, గుడ్డమీద గీసిన అడవుల్ని చూసి చూసి జనానికి విసుగొచ్చిందనీ, నిజం అడవిలో బొమ్మ తియ్యాలనీ తీర్మానించాడు. అందరం రైలెక్కి సాలూరులో దిగాం. అక్కడినుంచి పెట్టెలూ కెమెరా బళ్ల మీద, మేం చాలామట్టుకు బళ్ల పక్కన, ఘాటీ ఎక్కి అరకు వైపు కొండల్లోకి వెళ్లాం.

మాతో ఒక ముసలి దర్జీ వచ్చాడు. నేను కత్తెర సరిగా పట్టుకోవడం నేర్చుకున్నది ఆయన దగ్గరే. కొండ ఎక్కిన వారం తిరక్కుండానే ఆయనకు చలిజ్వరం తగిలింది. దుప్పట్లన్నీ కప్పినా పళ్లు టకటకా కొట్టుకునేవి. మళ్లీ బండెక్కించి సాలూరుకు దించెయ్యక తప్పలేదు. బండి కదిలేటప్పుడు ఆయన నన్ను పిలిచి, "మిషను తడవనివ్వకు, కొండ మంచు ఇనుముని తినేస్తుంది" అన్నాడు. అంతే. వేషాల పని నాకు అప్పగించినట్టు నాకు గాని ఆయనకు గాని ఎవరూ చెప్పలేదు. మర్నాటినుంచి అందరూ చిరిగిన బట్టలు తెచ్చి నా ముందు పడేశారు.

ఇక కథ సంగతి. ఒక దుర్మార్గుడైన రాజు ఉంటాడు, అతని పటాలం కొండజనాన్ని పీడిస్తుంటుంది. మామూలుగా అయితే రాజుగారి భటులంటే ఈటెలు, డాళ్లు, కోరమీసాలు. మా డైరెక్టరు ఒప్పుకోలేదు. భటులకు ఖాకీ చొక్కాలు, కాళ్లకు చుట్టే గుడ్డపట్టీలు, భుజాన తుపాకులు ఉండాలన్నాడు.

"ఈటెలు చూసి ఇవాళ ఎవరు భయపడతారు? ఖాకీ కుట్టు. సర్కారువాళ్లు అడిగితే, ఇది ఏనాటి రాజ్యమో ఎక్కడి రాజ్యమో మాకు తెలీదండీ అందాం" అన్నాడు.

ఆయన తెలివితక్కువ మనిషి కాదు. కొన్నేళ్ల కిందట దక్షిణం వైపు మన్యంలో గొడవలు రేగినప్పుడు పటాలాలు ఈ కొండలదాకా తిరిగాయి. పల్లెల్లో మనుషుల్ని సామాన్ల మోతకు పట్టుకుపోయారు. ఆ సంగతి పట్నంలో జనానికి తెలియాలని ఆయన కోరిక. నోటితో చెప్పలేనిది బొమ్మలో చూపిద్దామనుకున్నాడు. ఆ ఉద్దేశం మంచిదే. ఈ మాట ముందే చెప్పకపోతే ఆయనకు అన్యాయం చేసినదాన్నవుతాను.

మా బస పక్కనే ఒక కొండపల్లె. వరసగా మట్టి ఇళ్లు, వెనక వాగు, చుట్టూ పచ్చగా పూసిన వలిసె నూనెగింజల చేలు. ఆ పల్లెలో ఒకావిడ మాకు చోళ్లు, అదే రాగులు, చిక్కుళ్లు తెచ్చి ఉప్పుకు మార్చుకునేది. సంతలకు తిరగడం వల్ల ఆవిడకు తెలుగు బాగా వచ్చు. ఆరేడేళ్ల కూతురు ఎప్పుడూ కొంగు పట్టుకునే ఉండేది. నేను వేసుకోవాల్సింది కొండపిల్ల వేషం గనక చీర మోకాళ్లపైకి ఎలా కట్టాలో, భుజం మీద ముడి ఎలా వెయ్యాలో ఆవిడే నేర్పింది. నేను అక్కా అనేదాన్ని, ఆవిడ నన్ను అమ్మీ అనేది.

ఒకనాడు నేను మిషను ముందు కూచుని ఉంటే వచ్చింది.

"ఏటి సేత్తన్నావమ్మీ?"

"చొక్కాలు కుడుతున్నానక్కా."

"ఎవులికి?"

"మా బొమ్మలో పటాలం వేషం వేసేవాళ్లకి."

ఆవిడ చిక్కుళ్ల బుట్ట దించింది. చొక్కా చేతిలోకి తీసుకుంటుందనుకున్నాను. తీసుకోలేదు. కూతుర్ని వెనక్కి లాక్కుని, దూరం నుంచే వంగి చూసింది.

"ఉత్తుత్తి పటాలమేనేటి?"

"ఉత్తుత్తిదేనక్కా."

"గుడ్డ ఉత్తుత్తిది కాదు గదమ్మీ. ఈ గుడ్డ తొడుక్కునే మా ఇంటాయన్ని అట్టుకుపోనారు. బస్తా నెత్తినెట్టి తోలుకుపోనారు. మరి రానేదు."

ఆవిడ ఏడవలేదు. నేను మిషను తొక్కడం ఆపేశాను. బుట్ట అక్కడే వదిలేసి, ఆ రోజు ఉప్పు కూడా అడక్కుండా వెళ్లిపోయింది.

నేను డైరెక్టరు దగ్గరకు వెళ్లాను. ఆయన గొడ్డలితో కొట్టినట్టు మాట్లాడే మనిషి గనక ముందు నాలుగుసార్లు లోలోపల అనుకుని మరీ వెళ్లాను.

"ఈ రంగు చూస్తే పల్లెలో వాళ్లు హడలిపోతున్నారండీ. వేరే రంగు వేద్దామండీ."

"హడలిపోయే రంగు కనకనే వేయిస్తున్నాను."

"పట్నంలో చూసేవాళ్లు హడలిపోవాలి గానండీ, వీళ్లెందుకండీ?"

ఆయన నా వైపు చూశాడు. వింజామరలు పట్టుకునేవాళ్లు ఇలా మాట్లాడ్డం అలవాటు లేదు. కాసేపటికి, "సరే, సైనికులు వచ్చే ఘట్టం తీసేనాడు వాళ్లకి ముందుగా చెప్పించే తీస్తాను. పోయి పని చూసుకో" అన్నాడు. నేను నమ్మాను. నమ్మకపోవడానికి కారణం లేదు.

పటాలానికి హవల్దారుగా వేస్తున్నాయన నాటకాల్లో పేరుమోసిన ప్రతినాయకుడు. లావుపాటి మనిషి. నేను బాబాయ్ అనేదాన్ని. ఆయనకూ జ్వరం తగిలి లేచేసరికి సగమైపోయాడు. పొట్ట లేని హవల్దారును డైరెక్టరు ఒప్పుకోడు కనక, చొక్కా లోపల బూరుగు దూది దట్టించి పొట్ట కుట్టి పెట్టాను. "అమ్మడూ, దేవుడిచ్చిన దానికంటే ఇదే బాగుంది" అని దాన్ని నిమురుకుంటూ తిరిగేవాడు.

ఆ రోజు పొద్దున మమ్మల్ని పల్లెలోకి పంపారు. పల్లెలో ఆడవాళ్లు చోళ్లు దంచుతుంటారు, వాళ్లలో నేనూ కలిసి దంచుతుండాలి, అంతే ఆ రోజు పని. సైనికులను అవతలి కొండ మీద వేరే తీస్తారన్నారు. నేను అక్క కట్టిన తీరునే చీర కట్టుకుని, ఆవిడ ఇంటి ముందు రోకలి పట్టుకున్నాను. అక్క ఒక పోటు, నేనొక పోటు. పాప రోటి పక్కన కూచుని జారిన గింజలు ఏరుతోంది. ఎదురుగా మిట్ట మీద కెమెరా. దాని పక్కన డైరెక్టరు, ఉప్పు షావుకారు. ఈ షావుకారు సాలూరు మనిషి. కొండసంతల్లో ఉప్పూ గుడ్డలూ అమ్మేవాడు. వాళ్ల భాష వచ్చు గనక మాకు దుబాసీగా ఉండేవాడు. కెమెరా పిడి తిప్పడం మొదలయింది. ఎండ బాగా కాస్తోంది. ఎవరో ముసలమ్మ నా చేతులు చూసి నవ్వింది. నేను దంచడం అంత అన్యాయంగా ఉంది మరి.

ముందు చూసింది అక్క. రోకలి పైకెత్తినది ఎత్తినట్టే ఆగిపోయింది. నేను తిరిగి చూశాను.

వలిసె చేలో నుంచి ఖాకీలు దిగుతున్నాయి. పచ్చటి పూల మధ్య వరసగా, తుపాకులు ముందుకు పట్టుకుని, బరబరా మొక్కలు తొక్కుకుంటూ. ఆ చొక్కాలు నేను కుట్టినవి. ఏ చొక్కాకు ఏ గుండీ పోతే ఏది వేశానో నాకు తెలుసు. అయినా రోటి చాటుకు జరిగాను. వేషం వేసుకుని ఇవతల నిలబడితే ఆ బట్ట ఎలా ఉంటుందో నాకు అప్పుడే తెలిసింది.

"అక్కా, మావాళ్లే, ఉత్తుత్తిదే" అన్నాను. ఆవిడ వినలేదు. పాపను ఒక్క తోపు తోసి, "పో" అంది. పాప ఏడుపు గీడుపు ఏమీ లేకుండా, నేర్పిన పాఠంలా పరిగెత్తింది. ఆడవాళ్లంతా పరిగెత్తారు. ఒక్క కేక లేదు. అదే నన్ను ఎక్కువ భయపెట్టింది. కేకలు వేస్తే జాడ తెలిసిపోతుందని వాళ్లకు తెలుసు.

మగవాళ్లు మాత్రం పరిగెత్తలేదు. ఇళ్ల చాటునుంచి విల్లులతో బయటికొచ్చారు. వాళ్ల ముందు పల్లెపెద్ద, తెల్లజుట్టు మనిషి, బాణం సంధించి నిలబడ్డాడు.

బాబాయికి ఇవేమీ తెలియవు. ఊరివాళ్లకు చెప్పే ఉంచారని ఆయన అనుకుంటున్నాడు. మాటలు వినిపించని బొమ్మే అయినా నాటకాల అలవాటు పోక, కొండ దద్దరిల్లేలా "కదిలితే కాల్చేస్తా" అని గర్జిస్తూ, చెక్కతుపాకీ ఊపుకుంటూ వస్తున్నాడు. మిట్ట మీదనుంచి డైరెక్టరు "ఇంకా ముందుకు, ఇంకా ముందుకు" అంటున్నాడు. విల్లులు పట్టుకున్నవాళ్లను చూసి ఆయన ముఖం వెలిగిపోతోంది.

నేను రోకలి పడేసి పరిగెత్తాను, ఇళ్లవైపు కాదు, ఖాకీల వైపు. వీపు వెనక విల్లులున్నాయని తెలుస్తూనే ఉంది.

"బాబాయ్, తుపాకీ పారెయ్యి. చొక్కా విప్పెయ్యి."

ఆయన కోరమీసం కిందనుంచే, "అమ్మడూ, కెమెరా తిరుగుతోంది. పక్కకి తప్పుకో" అన్నాడు.

"వాళ్లకి చెప్పలేదు బాబాయ్. నిజం అనుకుంటున్నారు."

ఆ మాట ఆయన చెవిన పడేలోపే నా భుజం పక్కనుంచి ఏదో సర్రున వెళ్లింది. బాబాయి ఒక అడుగు వెనక్కి వేసి, కిందికి చూసుకున్నాడు. బాణం పొట్టలో దిగి ఉంది. ఆయన దాన్ని చూశాడు, నన్ను చూశాడు. చేతిలో తుపాకీ జారిపోయింది. మిగిలిన ఖాకీలు ఎక్కడివాళ్లక్కడ కూలబడ్డారు.

రెండో బాణం ఎక్కుపెట్టడం నేను చూడలేదు. చూసి ఉంటే నా చేతులు ఆడేవి కావేమో. బాబాయి చొక్కా మెడపట్టీ రెండు చేతులా పట్టుకుని లాగాను. ఆ చొక్కాకు నేను ఇంకా గట్టి కుట్టు వెయ్యలేదు. ఆయన రోజురోజుకూ మళ్లీ ఒళ్లు చేస్తున్నాడని, వదులు చెయ్యడానికి వీలుగా పొడుగు కుట్లతో ఆపి ఉంచాను. అది పైనుంచి కిందిదాకా పర్రున చిరిగింది. లోపలి సంచీ పగిలి బూరుగు దూదంతా బయటకొచ్చింది. గాలికి లేచి, మా ఇద్దరి మీదా, వలిసె పూల మీదా పడింది. బాబాయి జ్వరానికి చిక్కిన డొక్కలతో, జంధ్యంతో, ఊడిపోయిన మీసంతో చేతులు పైకెత్తి నిలబడ్డాడు. బాణం ములుకు ఆయన చర్మాన్ని గీరింది, అంతే. ఒక సన్నటి నెత్తుటి గీత.

పల్లెపెద్ద విల్లు దించలేదు గానీ బాణం వదలనూ లేదు. ఆ దూదిని చూస్తున్నాడు. ఈలోగా ఉప్పు షావుకారు మిట్ట మీదనుంచి పంచె ఎగ్గట్టుకుని, వాళ్ల భాషలో అరుచుకుంటూ, సగం దూరం దొర్లుకుంటూ వచ్చాడు. వచ్చి చెక్కతుపాకీ తీసి మోకాలికేసి విరిచి వాళ్ల ముందు పడేశాడు. అప్పుడు దిగాయి విల్లులు.

"నాకు సెప్పొద్దన్నారమ్మా" అన్నాడు నాతో, రొప్పుతూ. "బయిం నిజంగా ఆగుపడాలి, నోరెత్తితే ఒప్పుకోనన్నారు డైరెక్టరు బాబు. నానేటి సెయ్యను?"

డైరెక్టరు మెల్లగా దిగి వచ్చాడు. ఆయన మొహంలో ఇంకా ఆ వెలుగు పోలేదు. "బ్రహ్మాండంగా వచ్చింది" అన్నాడు. "వీళ్ల కష్టమే కదా నేను చూపించేది" అన్నాడు మళ్లీ.

అక్క ఇళ్ల వెనకనుంచి వచ్చి మా ముందు నిలబడింది.

"నా గుంట ఏదీ?"

పారిపోయిన ఆడవాళ్లు ఒక్కొక్కరే తిరిగొస్తున్నారు. పాప ఎవరితోనూ లేదు.

మధ్యాహ్నం దాకా వెతికాం. వాగు పొడుగునా, రాళ్ల సందుల్లో, వెదురుపొదల్లో. మా మగవాళ్లను ఖాకీ విప్పించి పంచెలతోనే పంపాను. ఆ చొక్కాలన్నీ పోగేసి చాప కింద దాచాను. కొండల్లో చిరుతలున్నాయి. వాగు ఒకచోట లోతు. ఈ రెండూ అందరికీ తెలుసు గనక ఎవరూ పైకి అనలేదు. డైరెక్టరు కూడా ముళ్లలో పడి వెతికాడు. అక్క పిలుస్తూనే ఉంది. పిలిచి పిలిచి గొంతు పోయింది.

"ఎక్కడున్నా అమ్మ గొంతు వింటే పలుకుతుందిలే అక్కా" అన్నాను.

ఆవిడ నా వైపు చూసిన చూపు ఈ వయసులోనూ మరిచిపోలేదు.

"పలకదమ్మీ. ఆ గుడ్డలోలు వొచ్చినపుడు నాను పిల్సినా పలకొద్దని నేర్పినాను. అప్పుడు అమ్మల సేతే పిలిపించి గుంటల్ని బయటికి లాగీసినారు."

అని, అక్కడే రాయిమీద కూలబడింది. నేనూ పక్కన కూచున్నాను. కాసేపటికి ఏమనుకుందో లేచి ఇంటికి నడిచింది. వెనకే వెళ్లాను. రోకలి తీసుకుంది.

"దంచు" అంది.

"అక్కా..."

"పటాలం ఉన్నపుడు ఎవులూ దంచరు. దంచుతన్నామంటే పటాలం ఎల్లిపోనాదని. దంచు."

షావుకారు వెళ్లి అందరికీ చెప్పాడు. పల్లె పల్లెంతా ఎక్కడివాళ్లక్కడ నోరు మూసుకు కూచున్నారు. మావాళ్లు మిట్ట అవతలకు వెళ్లి కనబడకుండా కూచున్నారు. ఇంటింటి ముందూ ఆడవాళ్లు రోకళ్లు అందుకున్నారు. పొద్దున జరిగినట్టే, అక్క ఒక పోటు, నేనొక పోటు. నా అరచేతులు బొబ్బలెక్కి చితికాయి. ఆగుదామంటే భయం. చోళ్లు ఎప్పుడో పిండయిపోయాయి. మేం ఆ పిండినే దంచుతున్నాం. అక్క కళ్లు ఎటూ చూడటంలేదు, రోటిలోకే చూస్తోంది.

నీడలు సాగుతున్న వేళ వలిసె చేలో ఒకచోట పూలు కదిలాయి. నేను ఆగబోయాను. అక్క చూపుతోనే వద్దంది. పూలు మళ్లీ కదిలాయి, కాస్త ఇవతల. తర్వాత చాలాసేపు ఏమీ లేదు. కెమెరా పట్టుకునే అతను మిట్ట అవతలనుంచి తల ఎత్తి, పెట్టె మీద చెయ్యి వెయ్యడం నాకు కనబడింది. అంత వెలుతురు, అప్పటి అక్క ముఖం మళ్లీ దొరకవు మరి. డైరెక్టరు అతని చెయ్యి పట్టుకుని కిందికి దించాడు. ఆయన చేసిన పనుల్లో నాకు బాగా జ్ఞాపకమున్నది ఇదే.

పాప చేను దాటి వచ్చింది. ఒళ్లంతా గీరుకుపోయి, జుట్టు నిండా పుప్పొడి. పరిగెత్తలేదు. నడిచి వచ్చి, పొద్దున కూచున్నచోటే కూచుని, జారిన గింజల కోసం నేల తడిమింది. అక్క రోకలి వదిలేసి పాప మీద పడిపోయింది.

ఆ మర్నాడు పల్లెపెద్ద మా బసకు వచ్చాడు. షావుకారు తర్జుమా చేశాడు. "మీరుండండి, మీ ఆటలు ఆడుకోండి. ఆ గుడ్డలు మాత్రం ఈ కొండ మీద ఉండకూడదు. కాల్చెయ్యండి" అన్నాడు. డైరెక్టరు తల పట్టుకున్నాడు. అవి కాల్చేస్తే మరో పటాలానికి గుడ్డ లేదు. గుడ్డ కోసం మద్రాసు వెళ్లొచ్చేసరికి పూలూ ఎండా రెండూ పోతాయి.

నాకు అప్పటికి ఓ సంగతి తెలుసు. బొమ్మల్లో పనిచేసిన వాళ్లందరికీ తెలుసు గాని, దాంతో ఏమి చెయ్యొచ్చునో ఆలోచించినవాళ్లు తక్కువ. ఆ రోజుల్లో మా ఫిల్ముకు ఎరుపు కనబడేది కాదు. ఎర్రచీర కట్టుకుంటే తెర మీద నల్లగా పడేది. ఎర్రబొట్టు నల్లచుక్క అయ్యేది. అందుకే మా పెదవులకు ఏవేవో రంగులు పూసేవారు. ఈ కొండల్లో పండగనాడు మగవాళ్లు తలకు చుట్టుకునేది ఎర్రగుడ్డ.

"చొక్కాలకి ఎర్రరంగు వేసేద్దామండీ" అన్నాను డైరెక్టరుతో. "వీళ్లకి ఎర్రగా ఉంటాయి. తెర మీద నల్లగా పడతాయి. ఖాకీ బొమ్మలో బూడిదరంగులా తేలిపోతుంది. నలుపయితే ఇంకా భయంగా ఉంటుందండీ."

ఆయన కెమెరా అతని వైపు చూశాడు. అతను, "ఆ అమ్మాయి చెప్పింది నిజమేనండీ" అన్నాడు. ఆఖరికి డైరెక్టరు, "అలాగే కానీ" అని, కొంచెం ఆగి, "పల్లె మధ్యలోనే వెయ్యి. అందరూ చూసేలా" అన్నాడు.

షావుకారు దగ్గర సంతలో అమ్మే రంగుపొడి ఉంది. మా వంటవాడి పెద్ద గంగాళం అడిగితే వాడు నన్ను తిట్టని తిట్టు లేదు. గంగాళం అక్క ఇంటి ముందే పొయ్యి మీద పెట్టి నీళ్లు మరగబెట్టాను. చొక్కాలు ఒక్కొక్కటే ఎత్తి అందరికీ చూపించి లోపల వేశాను. మొదట పిల్లలు దూరంగా నిలబడ్డారు. మొదటి చొక్కా కర్రతో పైకెత్తేసరికి అది ఖాకీ కాదు, కొత్త ఇటుక రంగు. పల్లెపెద్ద దగ్గరకు వచ్చి తడిగుడ్డ వేలితో నొక్కి, ఎర్రబడిన వేలిని చూసుకున్నాడు. షావుకారుతో ఏదో అన్నాడు.

"ఏమన్నారు?" అన్నాను.

"గుండీలు కూడా పీకెయ్యమంటన్నాడమ్మా. ఆటి మెరుపూ బాగోనేదట."

ఇత్తడి గుండీలన్నీ పీకేసి గుడ్డముళ్లు కుట్టాను. ఆ పని మాత్రం నాకు తోచి ఉండాల్సింది. తోచలేదు.

తర్వాత ఆ ఘట్టం మళ్లీ తీశారు. ఈసారి షావుకారు ఇల్లిల్లూ తిరిగి చెప్పాడు. బాబాయి ఎర్రచొక్కాతో పిల్లల మధ్య కూచుని, మీసం పీకి మళ్లీ అంటించుకుని చూపించాడు. మొదటినాటి ఫిల్మును ఏం చేశారని మీరు అడుగుతారు. అది వాడలేదు. ఎందుకు వాడలేదో డైరెక్టరు చెప్పలేదు, నేను అడగలేదు. రెండోసారి తీసినదాంట్లో పల్లెవాళ్ల ముఖాల్లో అంత భయం లేదని మద్రాసులో కొందరు పెదవి విరిచారు కూడా.

బొమ్మ పూర్తయ్యాక చూస్తే నా వేషం అందులో ఎక్కడా లేదు. కొండపిల్లగా నేను దంచినది, పరిగెత్తినది, అంతా పోయింది. కానీ నల్లపటాలం కొండ దిగివచ్చే ఘట్టం గురించి జనం చెప్పుకున్నారు. తర్వాతి బొమ్మకు డైరెక్టరు కబురు పెట్టినప్పుడు వింజామర పట్టుకోవడానికి కాదు, గుడ్డలు కొనడానికి రమ్మన్నాడు. ముసలి దర్జీ కోలుకుని తిరిగొచ్చి నా కుట్లు చూసి పెదవి విరిచి, పక్కన కుర్చీ వేసుకుని మొదటినుంచీ నేర్పాడు. అలా మొదలయింది. తర్వాత పెద్ద పెద్ద రాజులకు, దేవతలకు బట్టలు వేశాను. ఏ గుడ్డ చేతిలోకి తీసుకున్నా, దీన్ని ముందు ఎవరు చూస్తారు, ఎక్కడ నిలబడి చూస్తారు అని అడిగేదాన్ని. నాతో పనిచేసిన వాళ్లకు ఈ ప్రశ్న విసుగ్గా ఉండేది. మీకూ ఉంటుంది. అయినా అడగండి.

ఆ బొమ్మను డేరా వేసి సాలూరులో ఆడించినప్పుడు నేను అక్కడికి వెళ్లాను. షావుకారు చేత కబురు పెట్టించాను. సంతకు దిగినప్పుడు అక్క, పాప వచ్చారు. వస్తారని నేను గట్టిగా అనుకోలేదు. డేరాలో నేలమీద ముందు వరసలో కూచున్నాం, పాప మా ఇద్దరి మధ్య, ఒళ్లో పేలాల పొట్లం పెట్టుకుని. తెర మీద వలిసె చేను కనబడేసరికి అక్క "మా సేనే" అంది మెల్లగా. తర్వాత కొండ అంచున నల్లచొక్కాలు వరసగా లేచాయి. డేరాలో సద్దు అణిగిపోయింది.

నేను తెర చూడలేదు. పాపను చూస్తున్నాను. నల్లచొక్కాలు చేలో దిగుతున్నాయి, హవల్దారు చెయ్యి ఎత్తి గర్జిస్తున్నాడు, పక్కనున్న పిల్లాడొకడు తల్లి ఒళ్లో మొహం దాచుకున్నాడు.

"అయ్యెర్రవి గదే అమ్మా" అంది పాప, తెరకేసి చూస్తూ. "నల్లగున్నాయేటి?"

పాప జవాబు కోసం ఆగలేదు. పొట్లంలోంచి ఇంకో గుప్పెడు పేలాలు తీసి నోట్లో వేసుకుంది.